పిల్లోడి సంపాదన మీద ఇల్లు నిలబెట్టొద్దు తల్లీ

తల్లీ,

పిల్లోణ్ణి సినిమాకు తీసుకున్నారని తెలిసినప్పటి నుంచి నాకు మహా సంతోషంగా ఉంది. మాటలు పూర్తిగా రాకముందే వాడు నా కండువా భుజాన వేసుకుని నాలాగే నడిచి చూపించేవాడు, నీకు గుర్తుండే ఉంటుంది. ఎనిమిదేళ్లకే నలుగురి ముందు బెదరకుండా నిలబడి మాట చెప్పడం అందరికీ అబ్బేది కాదు. కాబట్టి పంపొద్దని చెప్పడానికి ఈ జాబు రాయడం లేదు. పంపు. వాడికి ఇష్టమైనంత కాలం పంపు.

అయితే మొన్న అల్లుడు ఫోన్లో ఒక మాట అన్నాడు. "ఈ సినిమా డబ్బులు చేతికొస్తే బ్యాంకులో ఉన్న నగలు విడిపించుకుంటాం మామా" అన్నాడు. సంతోషంలో అన్న మాటే. కానీ రెండు రోజులుగా అది నన్ను వదలడం లేదు. మీ నాయన ఉంటే ఆయనే చెప్పేవాడు. ఆయన లేడు కాబట్టి పెద్దనాయనగా నేను చెబుతున్నాను: పిల్లోడి సంపాదన ఇంటి ఖర్చులోకి రానివ్వొద్దు. ఒక్క రూపాయి కూడా.

మన అనంతపురం నేల సంగతి నీకు చెప్పే పని లేదు. నైరుతి మేఘాలు పడమటి కనుమల అవతలే బరువు దించుకుని వస్తాయి. ఈశాన్య రుతుపవనాల వానలు కోస్తాను తడిపి మన దాకా వచ్చేసరికి అయిపోతాయి. ఏడాది మొత్తానికి 550 మిల్లీమీటర్ల చుట్టుపక్కల వాన, అదీ చెనక్కాయకు ఊడలు దిగే వేళకు మొహం చాటేస్తే చేను పశువుల మేతకే. ఇలాంటి చోట ఇంట్లో ఎవరి చేతిలో నాలుగు రూపాయలు ఆడినా అందరి కళ్లూ అటు తిరుగుతాయి. దాన్ని నేను దురాశ అనను. బెంగళూరు పోయి బిల్డింగు పనిలో చేరిన అన్న డబ్బు పంపితేనే ఇక్కడ పొయ్యి వెలిగే ఇళ్లు మన వీధిలోనే ఉన్నాయి. కానీ ఆ అన్న పెద్దోడు. ఎందుకు పోతున్నాడో తెలిసే బస్సెక్కినాడు. మన పిల్లోడు ఆట అనుకుని పోతున్నాడు. వాడి ఆట వెనక ఇంటి అప్పు వచ్చి కూర్చుంటే, ఏదో ఒకనాడు వాడు "అమ్మా, రేపు నేను రాను" అన్నప్పుడు నీ నోట "సరేలే నాయనా" అనే మాట రాదు. నా భయమంతా అదే.

ఇందుకు మన తాడిపత్రిలో పుట్టిన నటుడు బళ్లారి రాఘవ గారి సంగతి నీకు చెప్పాలి. ఆయన పుట్టింది 1880 ఆగస్టు 2న. తండ్రి నరసింహాచార్యులు గారు బళ్లారిలో తెలుగు పండితుడు. మేనమామ ధర్మవరం రామకృష్ణమాచార్యులు గారు. ఆంధ్ర నాటక పితామహుడని లోకం పిలుచుకున్న మనిషి. ఇంట్లోనే నాటకం ఉంది, మేనమామకు సరస వినోదిని సభ అని సొంత సమాజం ఉంది. పన్నెండేళ్లకే పిల్లోడి మనసు రంగస్థలం మీద పడింది. ఆ ఇంట్లో ఎవరైనా "చదువు మానెయ్, నాటకాలకు మంచి గిరాకీ ఉంది" అని ఉంటే ఏమయ్యేదో ఆలోచించు. ఎవరూ అనలేదు. బళ్లారిలో హైస్కూలు, మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో డిగ్రీ, ఆ తర్వాత 1905లో లా పూర్తి చేసి బళ్లారిలో వకీలు అయినాడు. పబ్లిక్ ప్రాసిక్యూటరు దాకా వెళ్లినాడు.

ఇల్లు నడిచింది వకాల్తా డబ్బుతో. నాటకం మీద వచ్చింది చాలావరకు ధర్మకార్యాలకే పోయింది. అందువల్లనే ఆయన వేషం నచ్చకపోతే వద్దనగలిగినాడు. గొంతు చించుకుని రాగాలు తీయడమే నటన అనుకునే రోజుల్లో మనిషి మాట్లాడినట్టు మాట్లాడి చూపించగలిగినాడు. ఆడ వేషాలు ఆడవాళ్లే వెయ్యాలని పట్టుబట్టి, చదువుకున్న ఆడపిల్లల్ని రంగస్థలం మీదికి తీసుకురాగలిగినాడు. రేపటి బియ్యం కోసం నాటకం ఆడే మనిషికి ఇంత ధైర్యం ఎక్కడి నుంచి వస్తుంది? సినిమాలో ఆయన కనిపించింది యాభై దాటాక, 1936లో 'ద్రౌపదీ మానసంరక్షణం'లో. తర్వాత 'రైతుబిడ్డ', 'చండిక'. పన్నెండేళ్లప్పుడు మొదలైన ఇష్టం 1946లో కన్నుమూసే దాకా ఆయనలో ఎండిపోలేదు. నేను మన పిల్లోడికి కోరుకునేది ఆ దీర్ఘాయువునే, మొదటి సినిమా హిట్టు కావడం కాదు.

"కళాకారుల ఇళ్లల్లో పిల్లలు చిన్నప్పటి నుంచీ ఆడేవాళ్లే కదా" అంటావేమో. నిజమే. నిమ్మలకుంటలో తోలుబొమ్మలాట కుటుంబాల పిల్లలు తెర వెనకే పెరిగినారు. ఆ ఊరి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. పక్క కడప జిల్లాలోని సురభి ఊరిలో 1885లో మొదలైన నాటక సమాజాల్లో కూడా పిల్లలు నడక నేర్చేది స్టేజీ మీదే. కానీ అక్కడ తెర వెనక అమ్మ ఉంటుంది, నాయన ఉంటాడు, ఆకలైతే అడిగే అత్త ఉంటుంది. నిద్రొస్తే ఏదో ఒక ఒడి దొరుకుతుంది. సినిమా సెట్టు మీద నూరు మంది ఉన్నా పిల్లోడు ఒంటరి. ఆ ఒంటరితనం నిండేలా నువ్వు పక్కన ఉండాలి.

సినిమాకు పిల్లలు కొత్త కాదు. అసలు తెలుగు టాకీ మొదలైందే పిల్లోడితో; 1932 'భక్త ప్రహ్లాద'లో ప్రహ్లాదుడు వేసింది కృష్ణారావు అనే బాలుడు. ఇవాళ ఆ పేరు ఎంతమందికి తెలుసు? 'లవకుశ' చూడని ఇల్లు మన తరంలో లేదు. అందులో లవుడు, కుశుడు వేసిన నాగరాజు, సుబ్రహ్మణ్యం పెద్దయ్యాక హీరోలు కాలేదు. ఆ సినిమా 1958లో మొదలై, డబ్బు కుదరక మధ్యలో ఆగి, 1963లో విడుదలైంది. పెద్దోళ్లకు ఐదేళ్లంటే నాలుగు వెంట్రుకలు నెరుస్తాయి, అంతే. పిల్లలకు ఐదేళ్లలో పళ్లూడి కొత్తవి వస్తాయి, గొంతు మారుతుంది, మొహమే మారిపోతుంది. ముద్దుగా ఉన్నాడని పిలిచిన వాళ్లే మీసం మొలకెత్తగానే పిలవడం మానేస్తారు. తప్పు వాళ్లది కాదు, వాళ్లకు కావలసింది చిన్నపిల్లోడు. ఆ రోజు వచ్చినప్పుడు మన వాడికి బడి ఉండాలి, స్నేహితులు ఉండాలి, సాయంత్రం ఆడుకునే వీధి ఉండాలి.

శ్రీదేవి గారు నాలుగేళ్లకే కెమెరా ముందుకు వచ్చింది. 1972లో 'బడి పంతులు'లో ఎన్.టి. రామారావు గారికి మనవరాలు, 1979లో 'వేటగాడు'లో ఆయన పక్కనే నాయిక. జనం దాన్ని వింతగా చెప్పుకుంటారు. ఆ మహానటి మీద నాకు గౌరవమే కానీ, ఆ ఏడేళ్ల మధ్యలో ఆ పిల్ల బడి ఏమైందా అని మనసు కలుక్కుమంటుంది.

బాగా జరిగినవీ ఉన్నాయి. మహేశ్‌బాబు 1979లో 'నీడ'తో నాలుగేళ్లకే మొదలుపెట్టి 1990 దాకా తొమ్మిది సినిమాలు చేసినాడు. అప్పటికి జనం కోరుకుంటున్నారు, చేస్తే ఆడేవి కూడా. అయినా తండ్రి కృష్ణ గారు ఆపించి చదువుకోమన్నారు. కుర్రాడు డిగ్రీ చేసుకుని 1999లో 'రాజకుమారుడు'గా వచ్చినాడు. 1967 'భక్త ప్రహ్లాద'లో ప్రహ్లాదుడు వేసిన రోజారమణి గారు పెద్దయ్యాక డబ్బింగ్‌లో స్థిరపడింది. ఆమె కొడుకు తరుణ్‌కు 'అంజలి'లో బాలనటుడిగా జాతీయ పురస్కారం వచ్చింది. 71వ జాతీయ పురస్కారాల్లో 'గాంధీ తాత చెట్టు'కు ఉత్తమ బాలనటి అయిన సుకృతి వేణి దర్శకుడు సుకుమార్ గారి కూతురు. మహేశ్‌బాబు, తరుణ్, సుకృతి, ఈ ముగ్గురి పక్కనా సెట్టు సంగతి లోపలా బయటా తెలిసిన తల్లో తండ్రో ఉన్నారు. ఎవరైనా పిల్లోణ్ణి అర్ధరాత్రి దాకా నిలబెడితే "ఇక చాలు" అనగల పెద్దలు వాళ్లు. మనం ఆ మాటంటే ఎవరు వింటారు? అందుకని మనకు అండ చట్టమే. అది తెలుసుకుని పో.

పద్నాలుగేళ్ల లోపు పిల్లలతో పని చేయించకూడదని నిషేధించేటప్పుడే, సినిమాల్లో నటించే పిల్లలకు షరతులతో వెసులుబాటు ఇచ్చారు. 1986 చట్టానికి 2016లో చేసిన సవరణ అది; షరతులు 2017 నిబంధనల్లో రాసి ఉన్నాయి. షూటింగు జరిగే జిల్లా కలెక్టరు అనుమతి నిర్మాత తీసుకోవాలి. రోజుకు ఐదు గంటలకు మించి పని చేయించకూడదు, విశ్రాంతి ఇవ్వకుండా మూడు గంటలు దాటకూడదు. వరసగా ఇరవై ఏడు రోజులకు మించి పని ఉండకూడదు. చదువు తెగకుండా ఏర్పాటు చేయాలి. ఐదుగురు పిల్లలకు ఒకరు చొప్పున బాధ్యత పడే మనిషి ఉండాలి. పిల్లోడి ఇష్టానికి విరుద్ధంగా చేయించకూడదు. వచ్చే డబ్బులో కనీసం ఇరవై శాతం జాతీయ బ్యాంకులో వాడి పేరు మీద ఫిక్స్‌డ్ డిపాజిట్ వెయ్యాలి, అది మేజరయ్యాక వాడి చేతికే రావాలి.

చట్టం ఇరవై అంటుంది. నేను నూటికి నూరూ వెయ్యమంటున్నాను. మిగతా ఎనభై వాడుకోవడానికి చట్టం అడ్డుపడదు కానీ, ఇంటికి ఒకసారి ఆ రుచి తగిలితే రెండో సినిమాను నువ్వే వెతకడం మొదలుపెడతావు. వాడి కోసం వెతుకుతున్నానని నిన్ను నువ్వు నమ్మించుకుంటావు కూడా. మంచి తల్లులకే ఇది జరుగుతుంది, అందుకే ముందే చెబుతున్నాను.

ఏడుపు సీను ఉంటే ఎలా ఏడిపిస్తారో ముందే అడుగు. గ్లిజరిన్ ఉంది, వాడికే ఏడుపు నటించడం వస్తే ఇంకా మంచిది. "మీ అమ్మ ఇక రాదు" అని చెప్పో, గిల్లో, కసిరో ఏడిపిస్తామంటే వాణ్ణి చంకనేసుకుని బయటికి రా. టేకు పోతే పోతుంది. సినిమాలో వాడి గొంతు కాకుండా వేరే పిల్లల గొంతు పెట్టొచ్చు, అది ముందే చెప్పి ఉంచు. థియేటర్లో మొదటిసారి తెలిస్తే చిన్నబోతాడు. క్యారియర్లో ఇంటి తిండి పెట్టుకో. కొర్రన్నమో, ఉగ్గానో, వాడు తినేది ఏదైనా సరే, సెట్టు భోజనం ఎంత బాగున్నా పిల్లలకు పొద్దున అలవాటైన ముద్ద ఒకటైనా కడుపులో పడాలి.

తిరిగి వచ్చినాక ఇంటికి వచ్చిన ప్రతి చుట్టం ముందూ డైలాగు చెప్పించొద్దు. సెంటర్లో ఫ్లెక్సీ కట్టిస్తామని అల్లుడి స్నేహితులు వస్తారు, వద్దని గట్టిగా చెప్పు. బడిలో వాడు మూడో వరసలో కూర్చునే పిల్లోడుగానే ఉండాలి. పాప సంగతి మరచిపోకు. అది వాడికంటే రెండేళ్లే పెద్ద. తమ్ముడి బ్యాగు మోయడానికీ, తమ్ముడు లేనప్పుడు ఇల్లు చూడటానికీ దాన్ని వాడుకోవద్దు. నువ్వు షూటింగుకు పోయిన రోజుల్లో దాన్ని మా ఇంటికి పంపు, ఇక్కడి నుంచి బడికి నేను దింపుతాను. దానికి లెక్కలు బాగా వస్తున్నాయి, అదీ ఒక విద్యే.

వాడు ఎప్పుడైనా వద్దంటే కారణం అడగొద్దు. ఒప్పుకున్న సినిమా కూడా వాడికి ఇష్టమైతేనే పూర్తి చేయించు, ఆ తర్వాతిదీ వాడి ఇష్టమే. పదేళ్లకు వద్దని ఇరవై ఏళ్లకు మళ్లీ కావాలనుకున్నా పర్లేదు, నటన ఎక్కడికీ పోదు.

అగ్రిమెంటు కాగితం వాట్సాప్‌లో పంపినారని అన్నావు. సంతకం పెట్టొద్దు, నేను ఆదివారం పొద్దున బస్సుకు వస్తాను. నాతో మన వకీలు గారిని కూడా తీసుకొస్తున్నాను. రోజుకు ఎన్ని గంటలు, ఎన్ని రోజులు, ఎవరు తోడు, డిపాజిట్ ఏ బ్యాంకులో అన్నవన్నీ అందులో రాయిద్దాం. అల్లుణ్ణి చేను పని పెట్టుకోకుండా ఇంట్లోనే ఉండమను. బ్యాంకు నగల రసీదు తీసి పెట్టు. వడ్డీ ఎంత అయిందో చూసి, నా పింఛనులో మిగిలింది తెస్తాను, ఈ ఏడాదికి వడ్డీ కట్టి రెన్యువల్ చేయిద్దాం. మిగతాది వచ్చే చెనక్కాయ పంటకు మనం, పెద్దోళ్లం, చూసుకుందాం.

ఇట్లు,
నీ పెద్దనాయన