చప్టా ఎందుకు పగిలింది?



మా ఇల్లు ఆమదాలవలస దగ్గర. వానాకాలమంతా గుమ్మం ముందు బురదే. మా అమ్మ రెండుసార్లు జారి పడింది. అందుకని పోయినేడు వేసవిలో 10 అడుగుల పొడవు, 8 అడుగుల వెడల్పున సిమెంటు చప్టా పోయించాం. ఆదివారం వందనకు పదిమంది కూర్చోడానికీ పనికొస్తుందనుకున్నాం. ముహూర్తం చూడలేదు, కొబ్బరికాయ కొట్టలేదు. త్రిశరణం, పంచశీల చెప్పుకొని పని మొదలుపెట్టాం. నాలుగోనాటికి చప్టా మధ్యలో అడ్డంగా పగులు!

ఎదురింటి అప్ప చూసి అనేసింది: "సూసినావా బాబూ, పూజ నేదు, పునస్కారం నేదు. అమ్మోరికి కోపమొచ్చినాది."

అప్ప మాటకు నేను బాధపడలేదు. మర్నాడు తెల్లారకముందే మా అమ్మ ఎవరూ చూడకుండా గుమ్మానికి నిమ్మకాయ, మిరపకాయలు కడుతోంది. అది చూసి బాధపడ్డాను. దీక్ష తీసుకొని పన్నెండేళ్లయిన మనిషి! కోప్పడలేదని అబద్ధం చెప్పను, కోప్పడ్డాను. కోప్పడితే నిమ్మకాయ తీయించగలను గాని, అమ్మ మనసులో భయాన్ని ఎలా తీస్తాను? పగులు ఎందుకొచ్చిందో కళ్లకు చూపించాలి.

మన పేటలో సగంమంది కాంక్రీటు పని చేసినవాళ్లే. విశాఖలో, హైదరాబాదులో, చెన్నైలో ఊళ్లోవాళ్ల మేడలకు గమేళాలు మోసినవాళ్లే. వరసకు మావయ్య అయ్యే ఓ మేస్త్రీని పిలిచాను. ఆయన గునపంతో ఒక మూల లేపి చూసి నవ్వాడు. "అమ్మోరికేటి పనిరా దీంతోటి? కింద దిమ్మిస కొట్టనేదు. నీల్లెక్కువ పోసేసినారు. తడపనేదు."

మూడు మాటలూ నిజమే. కొత్తగా పోసిన మట్టి మీదే కాంక్రీటు వేశాం, మట్టి దిగింది. 50 కిలోల సిమెంటు బస్తాకు, ఇసుకలోని తడితో కలిపి, 25 లీటర్ల నీళ్లు చాలు. పార సులువుగా ఆడాలని మేం జావలా కలిపేశాం. ఎక్కువైన నీరు ఆవిరై పోతుంటే కాంక్రీటు కుంచించుకుపోతుంది. పైగా పోసింది మిట్టమధ్యాహ్నం ఎండలో. ఆ మర్నాడే అందరం పెళ్లికి వెళ్లిపోయాం, రెండురోజులు చుక్క నీళ్లు పోసిన నాథుడు లేడు. సిమెంటు ఆరితే గట్టిపడుతుందనుకుంటాం గాని అది నీటితో కలిసి గట్టిపడుతుంది. ముందే ఆరిపోతే గట్టిపడడం అక్కడితో ఆగిపోతుంది.

తథాగతుడు బోధించిన ప్రతీత్య సముత్పాదం ఇదే. కారణాలుంటే ఫలితం ఉంటుంది, కారణాలు తీసేస్తే ఫలితం ఉండదు. ఇది పెద్ద మాటే గాని మేస్త్రీకి తెలియనిది కాదు. మన తాతలను ఊరి బావి దగ్గరికి రానీయనప్పుడు కూడా పోయిన జన్మలో చేసుకున్న పాపమని చెప్పి నోరు మూయించారు. బాబాసాహెబ్ ఆ మాట ఒప్పుకోలేదు. అంటరానితనానికి కారణాలు సమాజంలో వెతికారు, 1956 అక్టోబరు 14న నాగపూరులో మనకు ధమ్మాన్ని ఇచ్చారు. పగిలిన చప్టాకు అమ్మోరి కోపం కారణమని ఒప్పుకుంటే, రేపు పిల్ల పరీక్ష తప్పినా, అల్లుడు తాగొచ్చి కొట్టినా అదే మాట ఒప్పుకోవాలి.

మరి ఇల్లు కట్టేముందు స్థలం చూసుకోవద్దా? చూసుకోవాలి. వినయ పిటకంలో భిక్షువు తన కోసం కట్టుకునే కుటీరానికి నియమం ఉంది. సుగత జానతో లోపల 12 జానల పొడవు, 7 జానల వెడల్పు దాటకూడదు. కట్టేముందు తోటి భిక్షువులకు స్థలం చూపించాలి. వాళ్లు చూసేది వాస్తు కాదు. అక్కడ చీమలకో, చెదలకో, పాములకో నివాసం ఉందా, చుట్టూ ఎద్దుబండి తిరిగేంత ఖాళీ ఉందా అని! మాకూ ఒక చీమలపుట్ట అడ్డొచ్చింది. రెండోసారి పోసినప్పుడు చెక్కను అడుగు ఇవతలికి జరిపాం.

వంశధార ఒడ్డున శాలిహుండం కొండెక్కినప్పుడు స్తూపాల అడుగు చూడండి. బండిచక్రం ఆకుల్లా ఇటుక గోడలు పేర్చి, మధ్య ఖాళీల్లో మట్టి నింపారు. బరువు ఎటు పోతుందో ఎరిగినవాళ్ల పని అది.

పాతది పగలగొట్టేశాం. గ్రావెల్ పోసి, తడిపి, దిమ్మిసతో గట్టిగా కొట్టాం. ఒకటి సిమెంటు, రెండు ఇసుక, నాలుగు కంకర. 4 అంగుళాల మందం, వీధి వైపు కాస్త వాలు, మధ్యలో ఒక గీత. పొద్దున్నే మొదలుపెట్టి ఎండ ముదరకముందే ముగించాం. మర్నాటి నుంచి గోనెలు కప్పి తడిపింది మా అమ్మే. నిమ్మకాయ జోలికి నేను పోలేదు. గుమ్మానికే ఎండిపోయింది.

ఈమధ్య ఎదురింటి అప్ప బోరింగు దగ్గర చప్టా వేయించుకుంది. ఎన్నాళ్లు తడపాలని మా అమ్మనే అడిగింది.

"పది దినాలు. పొద్దున్నోసారి, మద్దేన్నం ఓసారి, మాపటేల ఓసారి."

"నాను కొబ్బరికాయ కూడా కొడతానమ్మా."

"కొట్టుకో. గోనెలు మాత్రం ఆరనీకు," అంది మా అమ్మ.