బందీ అడిగిన ప్రశ్న: వాగ్నర్ రూపకంలో మారిన ముగింపు

రైన్ నది బంగారం తిరిగి నదికే చేరిన తరువాత కూడా దేవతలు ఎందుకు నశించాలి? రిచర్డ్ వాగ్నర్‌ను ఈ ప్రశ్న అడిగినవాడు ఔగుస్ట్ రోకెల్. అడిగింది సాక్సనీలోని కారాగారం నుండి. ఒకప్పుడు ఇద్దరూ డ్రెస్డెన్ ఆస్థాన రంగశాలలో సహోద్యోగులు. 1849 మే నెలలో అక్కడ చెలరేగిన తిరుగుబాటులో ఇద్దరూ పాల్గొన్నారు. ప్రష్యా సేనల సాయంతో దానిని అణచివేశాక వాగ్నర్ స్విట్జర్లాండ్‌కు తప్పించుకున్నాడు. రోకెల్ పట్టుబడి, మరణశిక్ష యావజ్జీవంగా మారగా, 1862 వరకు చెరలోనే ఉన్నాడు. మూల్యం చెల్లించినవాడి ప్రశ్న కనుక దీనిని కేవలం కథాసంవిధానానికి చెందినదిగా పరిగణించలేము.

'నీబెలుంగ్ ఉంగరం' నాలుగు ఒపేరాల సంపుటి. ఆల్బెరిఖ్ అనే మరుగుజ్జు నదిలోని బంగారాన్ని అపహరించి ఉంగరం చేసుకుని, దాని బలంతో తన జాతివారైన నీబెలుంగులనే గనుల్లో బానిసలను చేస్తాడు. 1848లో వాగ్నర్ రాసుకున్న తొలి రూపంలో ఉంగరం నదికి చేరుతుంది, నీబెలుంగుల దాస్యం తీరుతుంది, దేవతల ప్రభువు వోటాన్ ఏలిక మాత్రం నిలుస్తుంది. అదే ఏడాది జూన్‌లో ఆయన చేసిన రాజకీయ ప్రసంగం సారమూ ఇంచుమించు ఇదే: ప్రభువర్గపు విశేషాధికారాలు, ధనం పెత్తనం పోవాలి, రాజు మాత్రం గణతంత్రానికి తొలి పౌరుడై ఉండాలి.

ఓటమి తరువాత దేవతలు దహనమయ్యారు. దీనిని షోపెన్‌హోవర్ ప్రభావమనడం పరిపాటి. కాని ఆ తత్త్వవేత్తను వాగ్నర్ చదివింది 1854లో, మారిన పాఠం మిత్రుల కోసం అచ్చయింది 1853లోనే. రోకెల్‌కు ఆయన ఇచ్చిన సమాధానం, ఆ వినాశపు అనివార్యతను తర్కంతో కాక అనుభూతితో గ్రహించాలని. చివరి ఘట్టపు సంగీతం విన్నవారికి ఇది సాకుగా తోచదు. అయినా అడగవలసిన మరో ప్రశ్న మిగిలే ఉంది: నీబెలుంగుల విముక్తి ఏమైంది? తుదిపాఠం చివర ఆ ప్రకటన లేదు. పాలకుల పతనం మహోజ్జ్వలంగా సాగింది; బానిసల ఊసే లేకుండా పోయింది.

ఓడినవాడు నిజాయితీగా విముక్తిని వాగ్దానం చేయలేడని ఆయన పక్షాన వాదించవచ్చు. ఆ వాదానికి కొంత బలముంది. కాని ధనంపై ఆయన ఆగ్రహం మౌనం దాల్చలేదు. 1850లో మారుపేరుతో ప్రచురించిన వ్యాసంలో అది యూదులపై ద్వేషంగా మళ్ళింది. తనకు లోగడ తోడ్పడిన మాయెర్‌బీర్ కూడా ఆ ద్వేషానికి గురి అయ్యాడు. వదలుకున్నది ఆశను మాత్రమే, కోపాన్ని కాదు.

1876 ఆగస్టు 13న బైరాయిట్‌లో తొలి రాత్రి ప్రదర్శనకు జర్మన్ చక్రవర్తి మొదటి విల్‌హెల్మ్ హాజరయ్యాడు. 1849లో బాడెన్ తిరుగుబాటును అణచిన ప్రష్యా సేనలకు నాయకుడు ఆయనే. ఆ రాత్రి 'రైన్ బంగారం'లో ఆల్బెరిఖ్ ఉంగరం చూపి బెదిరించగానే గని కూలీలైన నీబెలుంగులు భయంతో కేకలు పెడతారు. తరువాతి మూడు రాత్రులలో ఆ గుంపు మళ్ళీ వేదిక మీదికి రాదు.