తెర మీది ‘మనం’

సినిమాకి ఎప్పుడు వెళ్ళాలన్నది మా ఇంట్లో ఒక తగువు. న్యూసురీలు మొదలవకముందే కూర్చోవాలనేవారు నాన్నగారు. పేర్లు పడే వేళకి చేరితే చాలు అమ్మకి.

మా నూజివీడు తోటలో చిన్నరసాలు గంపలకి సర్దే ఆవిడని ఓసారి మాతో తీసుకెళ్ళాం. తెర మీద పెద్ద ఆనకట్ట. వెనకాల ఓ గంభీరమైన గొంతు మాటకోసారి “మనం, మనం” అంటోంది.

“మనమంటే నేను కూడానా, అమ్మాయిగారూ?” అంది ఆవిడ.

“ఆఁ, అందరం!” అన్నాను.

“మరి నన్నెవరూ అడగలేదే!”

నవ్వేశాను. ఆ నవ్వుకి ఇప్పుడు సిగ్గేస్తుంది.

మన భాషలో ‘మేము’ వేరు, ‘మనం’ వేరు. ‘మనం’ అన్నామంటే ఎదుటివాళ్ళకీ పీట వేసినట్టే. పీట వేసి నోరు మెదపనివ్వకపోతే అదేం మర్యాద?

ఈ రీళ్ళు యుద్ధంలో అలవాటైనవి. 1943లో తెల్లదొరలు తమ ప్రచార చిత్రాలు ప్రతి హాల్లోనూ వేసి తీరాలన్నారు. యుద్ధమైపోయింది, దొరలు వెళ్ళారు. 1948లో మన ఫిల్మ్స్ డివిజన్ వచ్చింది. కొన్నాళ్ళు ఆగిన నిర్బంధమూ మళ్ళీ వచ్చింది. గొంతు మనదయింది, వినేవాళ్ళు మాత్రం వింటూనే ఉన్నారు.

అలాగని తీసిపారెయ్యలేను. ఊరు దాటని మా బోటివాళ్ళకి హిమాలయాలని చూపించింది ఆ రీళ్ళే. పైగా 1967లో ఎస్.ఎన్.ఎస్. శాస్త్రిగారు అదే సంస్థకి ‘ఐ యామ్ 20’ తీశారు. స్వాతంత్ర్యంతో పాటు పుట్టిన పిల్లల చేతే మాట్లాడించారు. ఆశలూ చెప్పారు, నిష్ఠూరాలూ ఆడారు. దేశమేమీ కూలిపోలేదు. దగ్గరయింది.

ఇళ్ళల్లో మాత్రం? “మనం వచ్చేవారం తిరుపతి వెళ్తున్నాం” అంటారు ఇంటాయన. ఆవకాయ రోజులే, ఎలాగని మనల్ని అడిగారా? పోనీ మనమో! “నువ్వూ మా ఇంటి మనిషివే” అంటూనే పనిమనిషి కాఫీ గ్లాసు విడిగా పెట్టమూ? చూపించడం, కలుపుకోవడం ఒకటి కావు. మాట్లాడనిచ్చినప్పుడే అది ‘మనం’.

ఇప్పుడు ఫోనున్న ప్రతివాళ్ళూ డాక్యుమెంటరీ తీసేవాళ్ళే. మొన్న తోటలో కాయలు సర్దుతున్న ఆడవాళ్ళని తియ్యబోయి, చెయ్యి దించాను.

“తియ్యనా అమ్మా?”

“తియ్యండి. మా కూలెంతో కూడా చెప్పమంటారా?” అంది ఒకావిడ.

తోట మాదే. కాస్త తడబడ్డాను.

చెప్పమన్నాను.