ఆదివారం దాకా ఆగు

ఒరేయ్ అల్లుడూ,

బావ పక్కన పడేసిన రెడ్‌మీ నోట్ 4లో లీనేజ్ ఓఎస్ అనే ఆండ్రాయిడ్ రకం వేస్తానంటున్నావని అక్కయ్య చెప్పింది. నాకెంత సంతోషమేసిందో! 2017లో మన దేశానికొచ్చిన ఆ ఫోను కంపెనీ లెక్కలో ఆండ్రాయిడ్ 7 దగ్గరే ఆగిపోయింది. ఆ తర్వాతి వెర్షన్లు దానికి అందాయంటే, జీతం లేకుండా కూర్చుని పనిచేసిన వాళ్ల చలవే.

ముందు ఫోను కోడ్‌నేమ్ చూసుకో. నోట్ 4 అన్న పేరుతో రెండు ఫోన్లున్నాయి. చైనాలో ముందొచ్చిన మీడియాటెక్ చిప్పుది నికెల్. మన దగ్గర అమ్మిన స్నాప్‌డ్రాగన్ 625ది మిడో. ఒకదాని రోమ్, అంటే ఫోనులో వేసే సిస్టమ్, ఇంకోదానికి పడదు.

రోమ్ వేయాలంటే ముందు ఫోను తాళం లాంటి బూట్‌లోడర్ తీయాలి. దాన్ని అన్‌లాక్ చేయగానే ఫోనులో ఉన్నదంతా తుడిచిపెట్టుకుపోతుంది. ఆ సంగతి నేనూ చదివాను. చదివి కూడా ఒక అర్ధరాత్రి ఆత్రం పట్టలేక నా ఫోనుకి బ్యాకప్ తీయకుండా కానిచ్చేశాను. లోగో రావడం, ఆరిపోవడం, మళ్లీ రావడం... తెల్లారేదాకా అదే. చివరికి ఫోను బాగుపడింది. మీ అమ్మమ్మ "తిన్నావా నాన్నా" అని అడిగిన రికార్డింగు మాత్రం పోయింది. ఆ గొంతు ఇంకెక్కడా లేదురా.

అందుకే ఫొటోలన్నీ ముందు కంప్యూటర్లోకి ఎక్కించు. రోమ్ ఎక్కించే రికవరీ ప్రోగ్రాం వేశాక ఈఎఫ్ఎస్ అనే భాగం బ్యాకప్ కూడా తీసిపెట్టు. ఐఎంఈఐ వివరాలు అందులోనే ఉంటాయి, అది చెడితే సిమ్ వేసినా సిగ్నల్ రాదు. నువ్వు రోజూ డబ్బులు పంపే ఫోను జోలికి మాత్రం వెళ్లకు. అన్‌లాక్ చేసిన ఫోన్లలో కొన్ని బ్యాంకు యాప్‌లు తెరుచుకోవు.

ఇంకో మాట. రోమ్ తయారుచేసే వాళ్లని "కొత్తది ఎప్పుడొస్తుంది?" అని వేధించకు. కెమెరా ఆగిపోతోందా, ఏం చేసినప్పుడు ఆగిందో రాసి, ఫోను రాసుకునే లాగ్ జతచేసి పంపు. స్టీవ్ కోండిక్ 2009లో మొదలెట్టిన సయనోజెన్‌మాడ్ పెరిగి పెద్దదై కంపెనీ అయింది. 2016 డిసెంబరులో ఆ కంపెనీ చేతులెత్తేస్తే, కోడ్ అందరిదీ కాబట్టి ఇలాంటి జీతం లేని వాళ్లే దాన్ని ఎత్తుకుని లీనేజ్ అని పేరు పెట్టుకున్నారు. వాళ్లకీ పొద్దున లేస్తే ఉద్యోగాలు, చదువులు ఉంటాయి.

ఆదివారం పొద్దున్నే ఫోను నిండా చార్జి పెట్టి మా ఇంటికి పట్టుకురా. మంచి కేబుల్ నా దగ్గరుంది. అక్కయ్యనీ తీసుకురా, ఏ ఫొటోలు దాచాలో తనే చూసి చెబుతుంది.

మీ మావయ్య