గాయశేషం

మా పక్కింటి అమ్మాయి మైక్రోబయాలజీతో డిగ్రీ చేసింది. రోజూ బహదూర్‌పురా నుంచి అమీర్‌పేట వెళ్లి మెడికల్ కోడింగ్ నేర్చుకుంటోంది. పోయిన వానాకాలంలో ఒక సాయంత్రం లావుపాటి పుస్తకంతో మా ఇంటికి వచ్చింది. "బాజీ, మీరు లిటరేచర్‌లో డాక్టర్ కదా, ఈ మాటకి అర్థం చెప్పండి" అంది. ఆ మాట 'సీక్వెలా'. లాటిన్‌లో 'వెంట వచ్చేది' అని. వైద్యంలో, గాయం మానిపోయాక మిగిలిపోయే బాధ. తెలుగులో 'శేషం' అనొచ్చేమో అన్నాను. అప్పులోనూ నిప్పులోనూ పగలోనూ శేషం మిగల్చకూడదంటారు మన పెద్దలు. గాయం గురించి వాళ్లేమన్నారో మాత్రం గుర్తురాలేదు.

ఆ పని గురించి రెండు మాటలు చెప్పాలి. అమెరికాలో డాక్టరు రాసిన రోగనిర్ణయం ఇన్సూరెన్సు కంపెనీకి కోడ్ రూపంలో వెళ్తుంది. ఆ కోడ్‌లు వేసే పని కొంత మన హైదరాబాద్‌లో జరుగుతుంది. సైన్సు చదివిన ఆడపిల్లలకు అదొక బతుకుదెరువు. 2015 అక్టోబర్ 1 నుంచి అక్కడ వాడుతున్న పద్ధతిలో మడమ ఎముక విరిగితే కోడ్ ఎస్92.0 తో మొదలవుతుంది. చివర ఏడో స్థానంలో ఒక అక్షరం ఉంటుంది. మామూలుగా మొదటి చికిత్సకి 'ఎ', మానే దశకి 'డి', మిగిలిపోయిన బాధకి 'ఎస్'. శేషం రాయాలంటే రెండు కోడ్‌లు కావాలి. ముందు ఈనాటి నొప్పి, తర్వాత ఆనాటి విరుగుడు. ఎన్నేళ్ల తర్వాతయినా రాయవచ్చు, గడువు లేదని నియమావళిలోనే ఉంది. ప్రామిసరీ నోటుకి మూడేళ్లకి కాలదోషం పడుతుంది. విరిగిన మడమకి పట్టదు.

ఈ మాటలన్నీ అమ్మ వింటోంది. చాప మీద కాళ్లు చాపుకుని బెండకాయలు తరుగుతోంది.

అమ్మ కుడి మడమ 1996లో విరిగింది. నాకప్పుడు ఎనిమిదేళ్లు. మెట్ల మీద జారిపడిందన్నారు. ఆస్పత్రి చీటీలోనూ అదే ఉంది. డాక్టరుకి చెప్పింది నాన్న. అమ్మ పక్కనే ఉంది. కట్టు విప్పాక నడిచింది, వండింది, నీళ్లు మోసింది కాబట్టి అంతా సర్దుకుందనుకున్నారు. చీలమండ కింద, మడమ ఎముక పైన ఒక కీలు ఉంటుంది. ఎగుడుదిగుడు నేల మీద పాదం అటూ ఇటూ ఒరిగేది దానివల్లే. మడమతో పాటు ఆ కీలు దెబ్బతింటే ఏళ్లు గడిచాక అరిగిపోయి నొప్పి మొదలవుతుంది. అమ్మకి అదే జరిగింది. మడమ వెడల్పయింది, ఒకే జత చెప్పులు రెండు కాళ్లకీ సరిపోవు. 2022లో మా దగ్గర ఫ్లైఓవర్ వచ్చి బండ్లకి దారి చదునైంది. జూపార్కు గోడ పక్కన నడిచే అమ్మకి మాత్రం ప్రతి రాయీ ముందే తెలుస్తుంది.

"ఆంటీ కాలు ఎలా విరిగింది? కారణానికి కూడా కోడ్ ఉంటుంది" అని ఆ అమ్మాయి మామూలుగానే అడిగింది. మెట్ల మీద జారితే ఎక్కువగా విరిగేది చీలమండ అనీ, మడమ విరిగేది తరచు ఎత్తు నుంచి కాళ్ల మీద పడినప్పుడనీ క్లాసులో చెప్పారట. ఈ విరుగుడికి డాక్టర్లు ఇంగ్లీషులో పెట్టుకున్న ముద్దుపేరు 'లవర్స్ ఫ్రాక్చర్' అని నాకు తర్వాత తెలిసింది. భర్త ఇంటికి రాగానే కిటికీలోంచి దూకే ప్రియుడికి మడమ విరుగుతుందట! దూకే ప్రియుణ్ణి ఊహించగలిగిన వాళ్లకి దూకే భార్య తోచలేదు.

నా పరిశోధనలో స్త్రీ పాత్రల మౌనాన్ని ఎంతో ధీమాగా వ్యాఖ్యానించాను. ఫలానా చోట ఆమె మాట్లాడలేదంటే అర్థం ఇదీ అని పేజీలకి పేజీలు రాశాను. ఆ అమ్మాయికి ఆ స్వేచ్ఛ లేదు. డాక్టరు రాయనిది తను వేయకూడదు. అనుమానం వస్తే డాక్టరునే అడగాలి, అదీ జవాబు ప్రశ్నలోనే అందించకుండా. ఈ నిజాయితీ ముందు నేను కొంచెం సిగ్గుపడ్డాను. ఆ రాత్రి అమ్మని "నాన్న తోశాడా?" అని అడగలేదు. "ఆ రోజు ఏమైంది?" అన్నాను. నాన్న పోయి కూడా తొమ్మిదేళ్లయింది.

"పడలే బిడ్డా, దుంకిన" అంది అమ్మ. "మెట్ల కాడ మీ నాయిన నిలబడ్డడు. చేతుల కట్టె ఉండె. ఇంకో దిక్కు పిట్టగోడనే ఉండె."

మర్నాడు నేనూ ఆ అమ్మాయీ పుస్తకం తిరగేశాం. పడితే ప్రమాదం. ఎత్తు నుంచి ఎవరైనా తోస్తే వై01, దాడి. కావాలని దూకితే ఎక్స్80, అంటే తనకు తాను చేసుకున్న హాని. తప్పించుకోవడానికి దూకిన ఆడమనిషిని ఇందులో ఎక్కడ పెట్టాలి? కాలిపోతున్న భవనం నుంచి దూకితే మాత్రం విడిగా ఎక్స్00.5 ఉంది. నిప్పు తరిమితే దూకడం ఆత్మహాని కాదని పుస్తకానికి తెలుసు. మొగుడు తరిమితే అనేందుకు అలాంటి ఒక్క కోడ్ మాకు దొరకలేదు. అయితే పుస్తకాన్ని పూర్తిగా తప్పుపట్టలేను. హింసకి టి74.11 ఉంది, హింసించింది భర్త అని చెప్పడానికి వై07.01 ఉంది. కానీ హింస జరిగిందని డాక్టరు నిర్ధారించి రాయాలి. అనుమానమైతే భర్త కోడ్ వేయకూడదు. డాక్టరు రాయాలంటే అడగాలి, భర్తని బయటికి పంపి అడగాలి. మన గృహహింస చట్టం 2005లో వచ్చింది. 1996లో అమ్మని అలా అడిగినవాళ్లు లేరు.

కోడింగ్ నేర్పేచోట ఒక మాట చెబుతారు: రాయనిది జరగనట్టే. నా పేచీ ఈ మాటతోనే. 'రాయనిదాన్ని నేను కల్పించను' అనడం క్రమశిక్షణ. 'రాయలేదు కాబట్టి జరగలేదు' అనడం అధికారం. మొదటిది లేకపోతే ఇతరుల బాధకి మన ఇష్టం వచ్చిన అర్థాలు చెబుతాం. ఆ పని నేనూ చేశాను. రెండోది ఒప్పుకుంటే ఆడవాళ్ల జీవితాల్లో సగానికి సగం జరగనట్టే. ఈ రెంటి మధ్యా ఉన్నది అడగడం ఒక్కటే. తెలంగాణ పోరాటంలో పాల్గొన్న స్త్రీలని స్త్రీశక్తి సంఘటన వాళ్లు వెళ్లి అడిగారు కాబట్టే 1986లో 'మనకు తెలియని మన చరిత్ర' వచ్చింది. నేను అంత దూరం వెళ్లనక్కర్లేదు, పక్క చాప దాకా వెళ్తే చాలు. దానికి ఇరవై తొమ్మిదేళ్లు పట్టింది.

అడిగి తెలుసుకున్నంత మాత్రాన రాసే హక్కు వస్తుందా? ఇది రాసే ముందు ఆ మాటా అమ్మనే అడిగాను. చాలాసేపు కాలు నిమురుకుంటూ కూర్చుంది. "నా పేరు రాయకు" అంది. కాసేపాగి, "రాస్తే రాయి గానీ, పడ్డనని మాత్రం రాయకు" అంది.

అమ్మ పేరు రాయలేదు. పడిందనీ రాయలేదు.