సత్యమూ, సూదిమందూ

నేరస్థుణ్ణి పట్టడానికి మనిషి ఒంట్లోకి మత్తుమందు ఎక్కించి నిజం చెప్పించవచ్చునా? ఈ మాట ఎత్తితే మన విద్యార్థుల్లో కొందరు ఎదురు ప్రశ్న వేస్తారు: "తప్పు చేయనివాడికి భయమెందుకు?" వినడానికి న్యాయంగానే వుంటుంది. కాని హైదరాబాదు పాతబస్తీ అనుభవం తెలిసినవారు ఆ మాట అంత తేలిగ్గా అనలేరని నా అభిప్రాయం.

2007 మే 18న మక్కా మసీదులో బాంబు పేలి తొమ్మిదిమంది చనిపోయారు. తర్వాత జరిగిన పోలీసు కాల్పుల్లో మరి ఐదుగురు పోయారు. ఆ వెనుక నెలల్లో పాతబస్తీ ముస్లిం యువకులను పెద్దసంఖ్యలో పట్టుకుపోయారు. కొందరిని బెంగుళూరు తీసుకుపోయి నార్కో పరీక్ష చేయించారు. వారిమీద పెట్టిన కేసులు కోర్టుల్లో నిలవలేదు. పేలుడు కేసు దర్యాప్తు తర్వాత హిందూత్వవాదులవైపు తిరిగింది. ప్రభుత్వం యువకులకు పరిహారమిచ్చింది. 2013లో హైకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది. తప్పు చేయనివాడికి భయమెందుకో ఈ యువకులను అడగాలి.

శాస్త్రం పేరు చెప్పి మనలను ఒప్పించబోతారు కాబట్టి శాస్త్రం సంగతీ చూద్దాం. సోడియం పెంటోథాల్ శస్త్రచికిత్సకు వాడుతూ వచ్చిన మత్తుమందు. అది సత్యాన్ని పుట్టించదు, సంకోచాన్ని సడలిస్తుంది. మత్తులో వున్నవాడు నిజం చెప్పవచ్చు, ఊహ చెప్పవచ్చు, అడిగేవాడు ప్రశ్నలో ఇరికించిన మాటనే తిరిగి అప్పజెప్పనూవచ్చు. పాలిగ్రాఫు కొలిచేది రక్తపు పోటునూ, నాడినీ, ఊపిరినీ, చర్మపు చెమటనూ. లాకప్పులో వున్నవాడి గుండెదడకు అబద్ధమొక్కటే కారణమా?

2010 మే 5న సెల్వి కేసులో సుప్రీంకోర్టు నార్కో, పాలిగ్రాఫు, మెదడు తరంగాల పరీక్షలు ఇష్టానికి విరుద్ధంగా ఎవరిమీదా జరపరాదని తీర్పిచ్చింది. నిందితుణ్ణి తనమీద తానే సాక్ష్యమివ్వమని నిర్బంధించరాదనే రాజ్యాంగపు 20(3) అధికరణమూ, వ్యక్తి స్వేచ్ఛకు సంబంధించిన 21వ అధికరణమూ దీనికి ఆధారం. వేలిముద్రలూ చేవ్రాతా తీసుకోవచ్చని 1961లోనే అదే కోర్టు చెప్పింది. వేలిముద్ర మనసులో మాట చెప్పదు. ఈ పరీక్షలు వెతికేదే మనసులో మాటను.

అసలు చిక్కు ఇక్కడుంది. రేపు తప్పక నిజమే చెప్పించే మందు వస్తే? అప్పుడు అభ్యంతరం తీరిపోతుందా? తీరదంటాను. తెలంగాణ సాయుధ పోరాటంలో దెబ్బలు తిని కూడా సహచరుల పేర్లు చెప్పనివారిని మనం గౌరవిస్తాం. చిత్రహింస మనిషి సంకల్పాన్ని విరవజూస్తుంది. మందు ఆ సంకల్పాన్ని పక్కకు నెట్టి వెళుతుంది. లొంగకుండా వుండే అవకాశాన్నే తీసేస్తుంది. పోలీసు, జైలు, కోర్టు అన్నీ చేతిలో వున్న రాజ్యం ఎదుట నిలబడ్డ పేదవాడికి చివరకు మిగిలేది నోరు మూసుకోగల శక్తి ఒక్కటే.

ఈ సూత్రం మనవాళ్లకు మాత్రమేనా? మక్కా మసీదు కేసులో అసీమానంద మేజిస్ట్రేటు ఎదుట ఇచ్చిన వాంగ్మూలాన్ని తర్వాత ఉపసంహరించుకున్నాడు. 2018 ఏప్రిల్ 16న ఆయనా, మరి నలుగురూ నిర్దోషులుగా విడుదలయ్యారు. ఆ తొమ్మిదిమంది చావుకు బాధ్యులెవరో ఏ కోర్టూ తేల్చలేదు. "ఆ సూది వీళ్లకు గుచ్చితే తేలేది కదా" అనే ఆక్రోశం నాకు అర్థమవుతుంది. 2008 మాలేగావ్ పేలుడు కేసులో ప్రజ్ఞాసింగ్ ఠాకూర్ మీద ఈ పరీక్షలు జరిపారు కూడా. ఆమె రాజకీయాలు మనకు బద్ధవిరుద్ధం. అయినా ఆమె ఇష్టం లేకుండా ఆ సూది ఆమెకూ గుచ్చరాదు. శత్రువుకు లేదన్న హక్కు మనకు మిగలదు. అంతకుమించి, మనిషిగా అతనికున్నది గుర్తించకపోతే మనం చెప్పే మానవత్వానికి అర్థం లేదు.

కోర్టు ఒక తలుపు తెరిచే వుంచింది: ఇష్టపడితే పరీక్ష జరపవచ్చు. ఆ అంగీకారాన్ని మేజిస్ట్రేటు ఎదుట నమోదు చేయాలి, న్యాయవాది సాయం వుండాలి. కాని కస్టడీలో వున్న కూలివాడి అంగీకారానికి విలువెంత? ఒప్పుకోకపోతే ఊరంతా దోషి అంటుంది. 2025లో బీహారు నుంచి వచ్చిన ఒక కేసులో నిందితులకు నార్కో పరీక్ష చేయిస్తామన్న పోలీసుల మాటను హైకోర్టు ఒప్పుకుంటే, సుప్రీంకోర్టు దాన్ని తప్పుపట్టవలసి వచ్చింది. తీర్పు వచ్చి పదిహేనేళ్లు గడిచాక!

కాబట్టి తీర్పు వచ్చిందని ఊరుకోరాదు. ఉపాధ్యాయులు దీన్ని తరగతిలో చెప్పాలి. విద్యార్థులు బస్తీల్లో చెప్పాలి. కాదనే హక్కు వున్నదని తెలియనివాడికి ఆ హక్కు లేనట్టే.