మూయబడిన తలుపు



2020వ సంవత్సరము మార్చి 25వ తేదీన దేశమంతట లాక్‌డౌన్ విధింపబడిన సంగతి మీరెవరును మరచియుండరు. మన గుడి గంట మ్రోగలేదు. ఏప్రిల్ 12న ఈస్టరు పండుగ వచ్చినను ఎవరి యింట వారే ప్రార్థించుకొంటిమి. ఆ దినములలో అనేకులు మారిరని వింటిమి. అయితే తలుపు మూయబడినందున కలిగిన మార్పు నిజమైన మార్పేనా? ఈ ప్రశ్న నన్నడిగినది మన సంఘపు స్త్రీయే.

ఆమె భర్త తాపీమేస్త్రి. మంచి పనివాడు, కూలి చేతికందిన సాయంత్రము మాత్రము తిన్నగా ఇల్లు చేరడు. దుకాణములు మూయబడగా త్రాగుట మానెను. మొదటి వారము చేతులు వణకి, నిద్రపట్టక మిక్కిలి బాధపడెను. తరువాత పిల్లలతో కూర్చుండి అన్నము తినసాగెను. ఊరందరికి ఇండ్లు కట్టినవాడు, ఏండ్ల తరబడి పగిలియున్న తన యింటి అరుగును అప్పుడు బాగుచేసికొనెను. నేను సంతోషించి దేవుని స్తుతింపబోగా ఆమె, "ఉండండి అయ్యగారూ, మారింది ఈయనా, మూసింది కొట్టా? అది తేలనివ్వండి" అనెను.

నాకు నోవహు జ్ఞాపకమునకు వచ్చెను. ఓడ తలుపు మూసినవాడు నోవహు కాడు, దేవుడే. అతడు ఏడాదికి పైగా లోపలనుండెను. బయటికి వచ్చి బలిపీఠము కట్టెను. ద్రాక్షతోటయు నాటెను, త్రాగి మత్తుడాయెను. ఈ రెండును ఆదికాండములో ఎంత దగ్గర దగ్గరగా నున్నవో చూడుడి. పౌలు సైతము ఫిలేమోను చేయు ఉపకారము ఒత్తిడివలన గాక మనసారా కలుగవలెనని కోరెను గదా. అట్లయిన, బలవంతపు మంచితనము ఒట్టిదేనా?

ఆ లాక్‌డౌన్ మన మేలుకే వచ్చినదనువారితో నేను ఏకీభవింపను. కూలి లేక, బండి లేక, పసిబిడ్డలతో వందల మైళ్లు నడచినవారి యెదుట ఆ మాట పలుకుటకు నాకు నోరు రాదు.

నా సంగతియు చెప్పవలెను. గుడి మూయబడిన మొదటి రెండు వారములు నేను బైబిలు తెరువలేదు. మా చిన్నకుమార్తె, "నాన్నగారూ, ప్రసంగం లేకపోతే మీరు చదవరా?" అని అడిగెను. ఇరువది యేండ్ల సేవలో నన్నెవరును అట్లడుగలేదు. అప్పటినుండి ఊరకయే చదువ మొదలుపెట్టితిని. జూన్ 8 తరువాత గుడి తెరువబడగా, మొదటి శనివారమే మరల ప్రసంగము కొరకు పుటలు త్రిప్పుచుంటిని. ఈసారి మాత్రము అది నాకే తెలిసి సిగ్గుపడితిని.

మేస్త్రి సంగతి. మే 4వ తేదీన దుకాణములు తెరువబడెను. లెక్కించిన, లాక్‌డౌన్ మొదలై సరిగా 40 దినములు గడచియుండెను. ధర పెంచినను జనులు బారులు తీరిరి. ఆయనయు ఎండలో నిలిచి, కొని, త్రాగెను. మూడవనాడు మా యింటికి వచ్చి అరుగుమీద కూలబడి, "మునుపు మానలేననుకునేవాణ్ణి అయ్యగారూ. ఇప్పుడు మానగలనని తెలిసిపోయింది. అదే నా ప్రాణం తీస్తోంది" అనెను.

ఆ మాటకు సరియైన ప్రత్యుత్తరము నేను చదివిన సెమినరీ పుస్తకములలో దొరకలేదు. మూసిన తలుపు ఆయనను మార్చలేదు. ఆయన చేతిలోని సాకును లాగివేసెను. అది చిన్న పని కాదని తోచుచున్నది.

ఆయన నేటికిని కొన్నాళ్లు మానును, కొన్నాళ్లు త్రాగును. త్రాగిన దినమున "నావల్ల కాదు" అనుట మాత్రము మానెను. ఆయన భార్య యింకను ఏమియు తేల్చి చెప్పలేదు. అరుగు మాత్రము గట్టిగానే యున్నది.